కోరంగి కట్టు

గోదావరి సీమకు వెళ్ళి వచ్చానని తెలిసి ప్రొద్దుటూరులో నన్ను పలకరించిన వారందరూ రెండే ప్రశ్నలు అడిగారు: నదీస్నానం చేశారా, పూతరేకులు తెచ్చారా? స్నానం చేశాను. పూతరేకులు తెచ్చాను; అవి రైలులో నలిగి పొడి అయినందున ఇంటిల్లిపాది చెంచాలతో ఆరగించారు. ఇంత వయసు మీదపడ్డాక, మహాలయ పక్షపు ముసురులో, అంత దూరం ఏ పని మీద వెళ్ళావని మాత్రం ఎవరూ అడగలేదు. అడగని ఆ ప్రశ్నకే ఈ జవాబు.

మా అన్నగారి కుమార్తె వసుధ హైదరాబాదులో ఉంటూ డాక్యుమెంటరీ చిత్రాలు తీస్తుంది. కొన్నేళ్ళుగా ఆమెను ఒకే చిత్రం పట్టి పీడిస్తున్నది. ఎనభైల చివర బర్మాలో విద్యార్థులు సైనిక నియంతృత్వాన్ని ఎదిరించి వీధుల్లోకి వచ్చారు. సైన్యం వారిని తుపాకులతో అణచివేసింది. రంగూనును మన పెద్దలు రంగం అనేవారు. గోదావరి మండలం నుంచి కూలికీ నాలికీ ఓడలెక్కి రంగం వెళ్ళిన కుటుంబాలు తరతరాలుగా అక్కడ ఉండిపోయాయి. నాటి తిరుగుబాటులో ఆ కుటుంబాల పిల్లలు కూడా ఉన్నారన్నది వసుధ చిత్రానికి బీజం.

ఆమె వద్ద ఒక పాత దృశ్యం ఉంది. ఎవరో వ్యాపారి తన మేడ కిటికీ వెనుక దాగి తీసినది. అర నిమిషం ఉంటుందేమో, శబ్దం లేదు. వీధి నిండా పిల్లలు. ముందు వరుసలో జెండా పట్టిన ఒక యువకుడు. మనకు అతని వీపే కనిపిస్తుంది. అతడు జెండాను పక్కవానికి అందించి, ఆగి, జారిపోతున్న లుంగీని సరిచేసుకొని, తిరిగి జెండా అందుకుంటాడు. ఆపైన పొగ, వణికే బొమ్మ, ఒక గోడ. అంతే. చిత్రమంతటికీ ఆ అర నిమిషమే ప్రాణం. ఆ ప్రాణికి పేరు లేదన్నదే వసుధ వేదన.

నాటి విద్యార్థి ఒకడు నేడు థాయిలాండులో తలదాచుకొని ఉన్నాడు. తమతో ఒక తెలుగు పిల్లవాడు ఉండేవాడనీ, కాల్పుల మరునాటి వేకువను అతన్ని లారీలోకి ఎత్తగా చూశాననీ, ఆ దేహంలో చలనం లేదనీ అతడు వసుధకు చెప్పాడు. దృశ్యంలోనివాడు అతడేనా అంటే చెప్పలేనన్నాడు; పేరు కూడా గుర్తులేదు. ఆ పిల్లవాని అక్క తరువాత ఇండియా వెళ్ళిపోయిందనీ, ఆమె ఉన్నది నది సముద్రంలో కలిసేచోట, ఆడవాళ్ళు లేసు అల్లే ఊరనీ మాత్రం అతనికి గుర్తుంది.

అది నరసాపురం గాక మరేది?

"వ్యాఖ్యానం నువ్వే రాయాల, చిన్నాయనా" అంది వసుధ ఫోనులో. "ఇంకోటి. ఆమె పెద్దామె. నేనొక్కదాన్నే పోతే కెమెరా ముందు నోరు తెరవదు. నీ పంచె, నీ బొట్టు చూస్తే తెరుస్తుంది."

గాలానికి ఎర కావాలన్నమాట. ప్రాచ్య కళాశాలలో జీవితమంతా పాఠం చెప్పిన వాణ్ణి. ఇన్నాళ్ళకు ఈ విధంగానైనా పనికివచ్చానని బయలుదేరాను.

రాజమహేంద్రవరంలో ఎర్రనీరు

రైలు వంతెన మీదికి రాగానే పెట్టెలోని వారందరూ కిటికీల వద్దకు చేరారు. నది ఎర్రగా, బురదగా, చప్పుడు లేకుండా పోతున్నది. మా పెన్న సంవత్సరంలో ఎక్కువ భాగం ఇసుక. దానిని నది అనడానికి మాకు కొంత భక్తి కావాలి. ఇక్కడ భక్తితో పనిలేదు, భయం చాలును.

స్టేషను బయట మాకోసం దానియేలు కారుతో నిలుచున్నాడు. తాళ్ళరేవు వైపు వాడు, లూథరను క్రైస్తవ కుటుంబం. పెళ్ళిళ్ళకు వీడియోలు తీస్తాడు, వసుధ ఈ ప్రాంతం వస్తే ఆమెకు కెమెరా పడతాడు, కారు కూడా తానే నడుపుతాడు. అతని అత్తగారిది నరసాపురం. ఆ అక్కగారిని వెదికి పట్టింది అతనే.

"మా అత్తగారూ లేసు పనేనండి. 'రంగం మంగాయమ్మా? మా పక్క వీధేరా' అందండి. మీరు ఆరేళ్ళు తిరిగారు, మా అత్త అరనిమిషంలో తేల్చేసింది. ఆయ్!"

మధ్యాహ్నం ఒక భోజనశాలలో పనసపొట్టు కూర వడ్డించారు. ఆవపిండి ముక్కుకు ఎక్కి కళ్ళు చెమర్చాయి. ప్రొద్దుటూరు వాణ్ణి, ఎర్రకారానికి చలించను. ఈ పసుపుపచ్చని ఘాటుకు మాత్రం ఓడిపోయాను. వడ్డించే మనిషి చూసి, "బాబుగారికి ఇంటి బెంగ పట్టుకుందండోయ్" అని అందరికీ వినిపించేలా అన్నాడు.

సాయంకాలం గోదావరి గట్టున కూర్చుని నేను రాసి తెచ్చిన వ్యాఖ్యానం వసుధకు చదివి వినిపించాను. సమాసాలు నదిలాగే నిండుగా ఉన్నాయని నా నమ్మకం. ఆమె చివరిదాకా ఓర్పుగా విన్నది.

"చిన్నాయనా, ఇది హరికథ మాదిరుంది. చిడతలొక్కటే తక్కువ."

దిగువన మెట్ల మీద జనం పితృకార్యాలు చేసుకుంటున్నారు. నువ్వులు, దర్భలు, అరిటాకులలో పిండాలు. ఒకరి మంత్రం మరొకరి మంత్రంలో కలిసిపోతున్నది. దానియేలు చాలాసేపు చూసి అడిగాడు:

"మేమైతే సమాధుల పండక్కి వెల్ల వేసి, పూలు పెట్టి, కొవ్వొత్తులు వెలిగిస్తామండి. మీకిలా ఉంది. అసలు శవమే దొరకనోడికి ఏం చేస్తారండి మీలో?"

శాస్త్రం చెప్పాను. పన్నెండేళ్ళు జాడ తెలియకపోతే మృతుడని ఎంచి, దర్భలతోనూ మోదుగాకులతోనూ మనిషి బొమ్మ చేసి దహించి, అపరకర్మలు జరుపుతారని. చెప్పింది సమగ్రంగానే ఉంది. అతడు తల ఊపి, "బొమ్మ అండి" అన్నాడు. 

కోరంగిలో ఓడలు లేని రేవు

మరునాడు కోరంగి చూశాం. చూశాం అనడం అతిశయోక్తి. చూడడానికి ఏమీ లేదు. ఒకనాడు రంగానికి ఓడలు ఇక్కడినుంచే కదిలేవని పెద్దలు చెప్పగా విన్నాను. ఇప్పుడు మడ అడవి, దాని వేళ్ళ మధ్య బురద, బురదలో పరుగులెత్తే చిన్న ఎర్రపీతలు. ఒడ్డున వల బాగుచేసుకుంటున్న ఒక వృద్ధుణ్ణి ఓడల సంగతి అడిగాను.

"ఓడలాండి? మా తాత చూశాడంటండి. నేను సినిమాల్లో చూశాను."

అక్కడ మట్టి మీద నిలుచున్నప్పుడు వసుధ ఒక మాట చెప్పింది. బర్మావారు తెలుగువారినందరినీ, ఏ ఊరివారైనా సరే, 'కోరంగీ' అనేవారట. అది పిలుపు కాదు, ఈసడింపు. బడిలో, బజారులో, ట్రాములో ఆ మాట వినని తెలుగువాడు లేడట.

"అంటే మా ఊరి పేరెట్టి తిట్టేవోరన్నమాట" అన్నాడు దానియేలు. నవ్వబోయి మానుకున్నాడు.

ముసురు పట్టింది. కెమెరాకు గొడుగు పట్టవలసి వచ్చినందున నేను తడిశాను.

సఖినేటిపల్లి వద్ద పంటు

యానాం దాటి, కోనసీమ గుండా మూడవనాడు నరసాపురం ప్రయాణం. దారి పొడుగునా కొబ్బరితోటలు ఉంటాయని నేను చదువుకున్నది నిజమే. వాటి వెనుక వరిచేలుంటాయని చదువుకున్నది మాత్రం పాతబడింది. పలుచోట్ల చేలను తవ్వి రొయ్యల చెరువులు చేశారు. నీటిని చిలికే చక్రాలు రాత్రింబవళ్ళు తిరుగుతుంటాయట. ఇంటింటి అరుగు మీద కొని తెచ్చుకున్న మంచినీళ్ళ టిన్నులు. మా కడప సీమలో నీరు లేక కొంటాం. చుట్టూ ఇంత నీరుండి వీరూ కొంటున్నారు. ఎవరి దుఃఖం పెద్దదో తేల్చలేకపోయాను.

వశిష్ఠ గోదావరిని దాటించేది పంటు. రెండు పడవలను కలిపి పైన బల్లలు పరిచిన తెప్ప వంటిది. మనుషులు, మోటారుసైకిళ్ళు, కార్లు, గేదెలు కూడా దాని మీదనే. కారును పంటు మీదికి ఎక్కించేటప్పుడు అందరితోపాటు నేనూ పక్కకు తప్పుకోబోయి ఎడమకాలి చెప్పును గోదావరికి సమర్పించాను. అది కొంతదూరం మర్యాదగా తేలి, మునిగింది.

"రెండోది కూడా వేసెయ్యండి మేష్టారూ, జతగా ఉంటాయి" అంది బుట్టతో నిలుచున్న ఒక ఇల్లాలు. తరువాత కెమెరా చూసి వసుధ వైపు తిరిగింది. "సినిమా తీస్తున్నారాండి? హీరో ఎవరండి?"

"ఒక పిల్లోడమ్మా. ముఖం కనపడదు."

"ముఖం కనపడని హీరో ఏంటండి! టిక్కెట్టు ఎవరు కొంటారు?"

పంటులో వారందరూ నవ్వారు. వసుధ కూడా నవ్వింది. ఆవలి ఒడ్డు చేరేదాకా కెమెరా మూత తీస్తూ పెడుతూ నిలుచుంది.

నరసాపురంలో లేసు అల్లే ఇల్లు

మంగాయమ్మగారిది రెండు గదుల పెంకుటిల్లు. అరవై దాటిన మనిషి. సన్నని చేతులు, గట్టి గొంతు. అరుగు మీద కూర్చుని ఇనుప సూదితో తెల్లని దారాన్ని పువ్వులుగా అల్లుతున్నారు. మమ్మల్ని చూసి లేచారు గాని చేతులు ఆగలేదు.

"రండి పంతులుగారూ. ఉత్తికాళ్ళతో వచ్చారేంటండి? మొక్కా?"

చెప్పు కథ చెప్పాను. లోపలినుంచి పోయిన భర్తగారి చెప్పులు తెచ్చి ఇచ్చారు. అవి నాకు సరిగ్గా సరిపోవడం ఎందుకో నాకు నచ్చలేదు.

ఆమె పుట్టింది రంగంలో. తండ్రి బియ్యపు మిల్లులో బస్తాలు మోశాడు. ఆమె తరువాత ఇద్దరు తమ్ముళ్ళు. పెద్ద తమ్ముడు కళాశాలలో చదువుతూ ఆ ఏడు కనిపించకుండా పోయాడు. అతన్ని ఇక్కడ సత్తిబాబు అంటాను. కొంతకాలానికి తండ్రి పోయాడు. తల్లినీ భర్తనూ వెంటబెట్టుకుని ఆమె ఈ ఊరు చేరారు. చిన్న తమ్ముడు భార్యాబిడ్డలతో అక్కడే ఉండిపోయాడు.

"అమ్మ పోయేదాకా ఎవర్నీ కర్మ మాట ఎత్తనివ్వలేదండి. పురోహితుడొస్తే తిట్టి పంపేసేది. 'వాడొచ్చి నా కర్మ చేస్తాడు, నువ్వెళ్ళు' అనేది. చివరికి మా ఆయన చేశారు అమ్మకి."

వసుధ ల్యాప్‌టాప్ తెరిచింది. ముందే చెప్పింది: ఇందులో మీ తమ్ముడు ఉండకపోవచ్చు, ముఖం కనపడదు, చూడలేనంటే ఆపేస్తానని. దానియేలు కెమెరా తీయబోతే వద్దని సైగ చేసింది. మంగాయమ్మగారు లేసు అల్లుతూనే చూశారు. వీధి. పిల్లలు. జెండా. ఆ వీపు. అతడు జెండా అందించాడు, ఆగాడు, నడుము దగ్గర చేతులు కదిలాయి.

సూది ఆగింది.

"మళ్ళీ వెయ్యమ్మా."

మళ్ళీ వేసింది. ఈసారి చూసి ఆమె నవ్వారు. నేను ఏడుపును ఊహించుకొని ఓదార్పు మాటలు సిద్ధం చేసుకున్నాను. 

"వెధవ" అన్నారు. "అమ్మ మాట చచ్చినా వినలేదు."

ఆమె చెప్పినదాని సారం ఇది. బర్మా మగవాళ్ళందరూ లుంగీని ముందు భాగాన ముడి వేసి కడతారు. మన మగవాళ్ళు పక్కకు మడిచి నడుములో దోపుతారు. అక్కడ పక్కకు దోపేది ఆడవాళ్ళు. కనుక తెలుగు పిల్లవాడు మనలా కడితే బడిలో గేలి. "కోరంగీ కట్టు, ఆడదాని కట్టు" అని కొంగు లాగేవారట. తల్లి రోజూ గుమ్మంలో నిలబెట్టి, ముందు ముడి వేయించి పంపేది. వాళ్ళలా కట్టుకో నాయనా, వాళ్ళలో కలిసిపోతావు, ఎవరూ నీ జోలికి రారు అని.

"బయట ముడే వేసేవాడండి. ఇంటికొస్తే నాన్నలా దోపుకునేవాడు. కంగారు పుట్టినా అంతే, చెయ్యి పక్కకే పోయేది. చూడండి, అక్కడ అందరికీ ముడులే. ఈడొక్కడే..."

మళ్ళీ చూశాం. తెలిశాక కనిపించింది. జనసముద్రంలో, తుపాకుల ఎదుట, ఒక పిల్లవాని చేతులు తండ్రి నేర్పిన మడత కోసం పక్కకు పోతున్నాయి. మడిచి, దోపి, మిల్లులో బస్తా ఎత్తబోయే కూలివానిలా మోకాళ్ళ పైకి ఎగగట్టి, అతడు జెండా అందుకున్నాడు. ఇన్నేళ్ళుగా వసుధ ఆ దృశ్యం ఎన్నిసార్లు చూసి ఉంటుందో!

"తర్వాత?" అని అడిగారు మంగాయమ్మగారు.

తరువాత పొగే. వసుధ నెమ్మదిగా లారీ సంగతి చెప్పింది. ఆమె వింటూ దారపు ఉండను ఒడిలోకి తీసుకుని, ఊడిన కుట్టు కోసం వెనక్కి లెక్కపెట్టుకోసాగారు.

నరసాపురంలోనే మరునాడు

వసుధ కోరినది ఒక్కటే. కెమెరా ముందు కూర్చుని, వీడు నా తమ్ముడు, వీడి పేరు ఇది అని చెప్పమని. మంగాయమ్మగారు కాదన్నారు.

"అక్కడ మళ్ళీ ఆ మిలిటరీవాళ్ళే కదమ్మా కూచున్నారు. మా చిన్నోడి కూతురు బళ్ళో టీచరు. మొన్నటి గొడవల్లో సమ్మె కట్టిందని ఉద్యోగం పీకేశారు. ఇంటెదురుగా మనుషుల్ని పెట్టారంట. ఇప్పుడు నేను వీడి పేరు చెప్పాననుకో, 'ఓహో, ఆడి మేనగోడలేనా ఇది' అంటారు. అయిపోయింది ఇంక."

మధ్యాహ్నం వాన వెలిశాక వసుధ నన్ను పక్కకు పిలిచింది. ఆమె కంట్లో నిద్ర లేదు.

"పేరు వద్దులే. ఆ కట్టు గురించి ఒక్కమాట చెప్తే చాలు. ముఖం చూపించను, గొంతు మారుస్తా. చిన్నాయనా, నువ్వడిగితే కాదనదు."

"నీకు అంత అవసరమా అమ్మా?"

"బర్మావాళ్ళ లెక్కలో వాడు లేడు చిన్నాయనా. చచ్చినోళ్ళలోనూ లేడు, బతికినోళ్ళలోనూ లేడు. నా సినిమాలో కూడా లేకపోతే ఇంక యాడుంటాడు?"

 అడుగుదామనే వెళ్ళాను.

మంగాయమ్మగారు వంటింట్లో ఉన్నారు. అరటి దూటను సన్నగా తరిగి, శనగపిండితో మరిగించి, సేమ్యా వంటి బియ్యపు నూలు మీద పోసే బర్మా పులుసు. అది చేపలతో చేసేది; నాకోసం వేరే గిన్నెలో చేపలు లేకుండా కాస్తున్నారు. దూట మా వైపూ వండుకుంటాం, పొడికూర. ఇలా వేరొక దేశపు రుచిలో ఎదురవుతుందని అనుకోలేదు. నేను నోరు తెరవకముందే ఆమె అడిగారు:

"పంతులుగారూ, నాకొకటి చెప్పండి. ఇప్పుడు వాడికి కర్మ చెయ్యొచ్చాండి? ఇన్నాళ్ళూ అమ్మకి ఎదురు చెప్పలేదు. ఇప్పుడు చూశాను కదా."

చేయవచ్చన్నాను. బొమ్మ దహనం విధి వివరించబోయాను. ఆమె చేయి అడ్డం పెట్టారు.

"బొమ్మ వద్దండి. వాణ్ణి ఒకసారి కాల్చారు, చాలు."

అప్పుడు నేనే అన్నాను: మహాలయంలో బంధువులు కానివారికి కూడా కరుణతో నువ్వులనీళ్ళు వదలవచ్చు, మీకు కొడుకులు లేరు గనుక, సమ్మతమైతే నేను వదులుతాను. గోత్రం అడిగితే ఆమెకు తెలియదు. రంగంలో అన్నీ మరిచిపోయామన్నారు. తెలియనివారికి కాశ్యప గోత్రం చెప్పే ఆచారం ఉందన్నాను.

"పేరు చెప్పాలి కదండి అక్కడ?"

"చెప్పాలి."

ఆమె పొయ్యి తగ్గించారు. "పేరు గోదారికి చెప్తానండి. సినిమాకి చెప్పను." ఆపైన, నేను అడగడానికి వచ్చిన మాట కూడా తానే అందుకున్నారు. "ఆ కట్టు కూడా చూపించొద్దని చెప్పండి అమ్మాయికి. ముఖం లేకపోతే ఏం? నేను పట్టలేదా? మావోళ్ళు ఎవరు చూసినా పట్టేస్తారు. వాళ్ళలో చెప్పేవాళ్ళు ఉంటారండి."

ఆ సంగతి వసుధకు నేనే చెప్పవలసివచ్చింది. ఆమె విన్నది. కెమెరా సామాను ఒక్కొక్కటే సంచిలో సర్దుకోసాగింది.

పెనుగొండ మీదుగా

నువ్వులనీళ్ళ కోసం మంగాయమ్మగారు మాతోనే రాజమహేంద్రవరం బయలుదేరారు. పెనుగొండలో అమ్మవారి గోపురం కనబడగానే కారు ఆపించి దిగి దణ్ణం పెట్టుకున్నారు. తనను కోరిన రాజుకు తలవంచక అగ్నిలో దిగిన కన్యక కథ ఆ ఊరిది. తిరిగి వచ్చి కూర్చుని, ఎవరినీ ఉద్దేశించకుండా అన్నారు: "చచ్చాక గుడి కట్టారు. బతికున్నప్పుడు ఎంతమంది లొంగిపోమన్నారో."

ఒక పొట్లం కాజాలు కొని దానియేలుకు ఇచ్చారు. తోలేవాడికి నిద్ర రాకూడదని. వసుధ కిటికీలోంచి చెరువులను చూస్తూ కూర్చుంది. దారంతటా కాజా నమిలే చప్పుడు తప్ప మరొకటి లేదు.

కోటిలింగాల రేవు

మరునాడు ఉదయమే రేవు చేరాం. మెట్ల మీద జారుడు. మంగాయమ్మగారు ఇచ్చిన చెప్పులు పైమెట్టు మీద విడిచాను. ఈసారి గోదావరికి ఇవ్వదలచలేదు. పురోహితుడు చకచకా పని కానిచ్చే మనిషి. మాలో ఎవరు కర్త అని అడిగి, నేనని తెలిసి, నా వయసు చూసి పీట వేయించాడు.

దానియేలు కొంత వెనుకగా కెమెరా నిలబెట్టాడు. నీళ్ళూ, నా చేతులూ, ఆమె చీర అంచూ మాత్రమే తీయాలని ఒప్పందం. మైకు ఒక కర్ర చివర మా వైపు చాచి ఉంది.

దర్భల ఉంగరం తొడిగాను. నువ్వులు అరచేతిలో పోశారు. మంత్రం ఒకచోట ఆగింది.

"గోత్రం?"

"కాశ్యప."

"పేరు?"

మంగాయమ్మగారు నా చెవి దగ్గరకు వంగారు. నేను తల తిప్పి వసుధను చూశాను. ఆమె చెవులకు పెట్టుకున్న హెడ్‌ఫోన్లు తీసి మెడలో వేసుకుంది. దానియేలు కర్రను వెనక్కి లాగి, మైకును రెండు చేతులా మూసి గుండెకు హత్తుకున్నాడు, గాలికి దీపాన్ని కాపాడినట్లు.

మంగాయమ్మగారు తమ్ముని పేరు చెప్పారు. నేను పలికాను. పురోహితుడు కూడా పలికాడు. ఒకటి, రెండు, మూడు మార్లు బొటనవేలి పక్కగా నీళ్ళు జారాయి. మేం చూస్తూండగానే ఎర్రనీరు నల్లనువ్వులను తీసుకుపోయింది. పక్కమెట్టు మీద మరొకరి తాతగారి పేరు వినబడుతున్నది.

"అయిందాండి?" అని అడిగారామె.

అయిందన్నాను.

"అమ్మకి చెప్పకండి" అన్నారు. అని, తానన్నది తనకే వినబడి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని అప్పుడు ఏడ్చారు.

రైలు వేళకు స్టేషనులో సెలవు తీసుకుంటూ, ఈ యాత్ర గురించి నా మటుకు నేను రాసుకోవచ్చునా అని ఆమెను అడిగాను.

"పేర్లు మార్చి రాసుకోండి. పుస్తకాలు వాళ్ళు చదవరండి. తెలుగైతే మన పిల్లలే చదవరు."

హైదరాబాదులో, తరువాత

చిత్రాన్ని పూర్తిచేసి వసుధ నన్ను పిలిచింది. చిన్న హాలు, కుర్రవాళ్ళు ఎక్కువ. వ్యాఖ్యానం నాదే. సమాసాలన్నీ తీసివేసి మళ్ళీ రాశాను. దానిలో ఆ పిల్లవాణ్ణి గురించిన వాక్యం ఒక్కటి కూడా లేదు.

ఆ దృశ్యం వచ్చేవేళకు ముందుకు వంగి కూర్చున్నాను. వసుధ ఏం చేసిందో అప్పటికీ నాకు చెప్పలేదు. నేనూ అడగలేదు.

వీధి. పిల్లలు. ముందు వరుసలో ఆ వీపు. అతడు జెండాను పక్కవానికి అందించాడు. ఆగాడు. తల కొద్దిగా వంచాడు.

చేతులు నడుము దగ్గరకు పోకముందే తెర నల్లబడింది. వెనువెంటనే గోదావరి; అరచేతిలోంచి జారుతున్న నీళ్ళు; శబ్దం లేదు.

నా ముందు వరుసలో ఒక అమ్మాయి పక్కనున్న వాణ్ణి గుసగుసగా అడిగింది: "అదేంటి, అక్కడ తెగిపోయింది?"

"పాత వీడియో కదా" అన్నాడతడు. "పాడైపోయుంటుంది."

వసుధ హాలు చివర గోడకు ఆనుకుని నిలుచుని ఉంది. ఆ మాట ఆమెకు వినబడింది. చీకటిలో ఆమె చేయి నడుము పక్కకు పోయి, లేని మడతను సరిచేసి, దోపి, కిందికి జారింది.